రాత్రి హాజరు

మంట ఎక్కువ ఎగదోయద్దండ్రా, కందికట్టె ఉన్నదే ఇంత. ఇట్ల దగ్గరికి జరగండి. ఏం పాపా, లా కాలేజీలో మీకు 1871 చట్టం గురించి ఒక్క పేజీ చెప్పినారా? ఒక్క పేజీ అంటే మేలే. మా నాయనకు దాని గురించి ఎవురూ ఒక్క ముక్క చెప్పలే. ఆయన పేరు రిజిస్టర్లో ఎక్కినంక ఏలిముద్ర వేయమన్నారు, వేసినాడు. అంతే.

ముందు ఆ యేడాది సంగతి వినండి. మన ఎరుకలోళ్లకు భూముల్లేకున్నా గాడిదలుండె, ఎద్దులుండె. మా తాత తండ్రి కాలంలో సముద్రం గట్టున ఉప్పు కొని, మూటలేసుకొని కనుమలెక్కి కడప, కర్నూలు పల్లెల్లోకి తెస్తాండ్రి. ఉప్పు పోసి జొన్నలో కొర్రలో కొల్చుకుంటాండ్రి. తిరిగి పోయేటప్పుడు మిరపకాయలు, చింతపండు. ఆడోళ్లు ఈతబుట్టలల్లి అమ్మేది, ఎరుక చెప్పేది. ఊర్లోకి మనోళ్లు దిగితే తలుపులేసుకున్నోడు లేడు, ఉప్పు కావల్ల కదా! కుంపిణీ ఉప్పు మీద పట్టు బిగించింది. దాని ఎనకాలే రైలొచ్చింది. మద్రాసు నుంచి రాజంపేట, కడప, గుత్తి మీదుగా పోయే లైను 1871లోనే రాయచూరు కాడ బొంబాయి లైనుతో కలిసింది. రైలు డబ్బాతో గాడిద యాడ పోటీ పడతాది? సరిగ్గా అదే యేడాది తెల్లోళ్లు నేరస్థ జాతుల చట్టం చేసినారు. రెండూ కూడబలుక్కొని చేసినారని నేను చెప్పను గాని, ఒక చేత్తో యాపారం పోయి ఇంకో చేత్తో దొంగ అనే పేరు వచ్చిన మాట మాత్రం నిజం.

చట్టం మొదట్లో ఉత్తరాదికే. మన మద్రాసు రాజధానిలోకి 1911లో దిగింది. ఈ నడుమ 1876లో ధాత కరువు. రెండేండ్లు కర్నూలు సీమ ఎట్ల ఎండిపాయనో మా అవ్వ వాళ్లమ్మ చెప్తావుండెనంట, మనుషులు ఆకులలములు తిని రోడ్ల మీదనే పడిపోయిరని. కరువులో గింజ దొంగతనాలు జరక్కుండా ఉంటాయా? అన్ని కులాలోళ్లూ చేసినారు. రాసుకున్నది మాత్రం మన పేరు. తర్వాత 1882లో అడవి చట్టమొచ్చింది. ఎదురుబొంగు కొట్టల్లన్నా గాడిదను మేపల్లన్నా చీటీ కావల్లని కూర్చుండ్రి.

పాపా, నువ్వు చదివిన చట్టంలో ఇది ఉందా? ఫలానా జాతి నేరాలకు అలవాటు పడిందని సర్కారు గెజిట్లో వేస్తే చాలు, అది తప్పని అడిగే అధికారం ఏ కోర్టుకూ లేదని ఆ చట్టంలోనే రాసుకున్నారు. ఉందా? ఆ. ఇంగ శిక్ష చూడు. అదే దొంగతనం ఇంకో కులమోడు చేస్తే నెలలతో పోయేది. మనోడికి రెండోసారి పడితే ఏడేండ్లకు తగ్గకూడదు, మూడోసారైతే బతికున్నన్నాళ్లూ ద్వీపాంతరం. ఏ తప్పూ చేయకపోయినా, అనుమానం పుట్టే తావులో కనపడినాడని మూడేండ్లు వేయొచ్చు. అనుమానం ఎవురికి పుట్టల్ల? పోలీసుకు. రాత్రిపూట బయట మనోడు కనపడితే పుట్టకుండా ఎట్లుంటాది!

మా నాయన హాజరు సంగతి చెప్పినట్ల ఇంకేదీ చెప్పలే. రాత్రి పదకొండుకు ఒకసారి, మళ్లా తెల్లారకముందు మూడుకు ఒకసారి ఊరి రెడ్డి అరుగు ముందర నిలబడల్ల. తలారి లాంతరెత్తి మొగాలు చూస్తాడు, పేరు పిలుస్తాడు, అయ్యా అనల్ల. రెడ్డి లోపల నిద్రపోతావుంటాడు, లెక్క మాత్రం ఆయన పేరు మీదనే. గడియారం మనోళ్లకు యాడుండాది? చుక్కల్ని చూసుకొని పోతాండ్రి. మబ్బు పట్టిన రాత్రి గంట ముందే పోయి, అరుగు కింద గోతాలు కప్పుకొని కూచుంటాండ్రి. ఆలస్యమైతే జైలు కదా.

మా నాయన పెండ్లి రోజు గూడా అంతే. తాళి కట్టినాడు, పందిట్లో సంగటి తిన్నారు, డప్పు కొడతాండారు. పదకొండు కావస్తావుంటే మొగోళ్లందరూ పందిట్లో నుంచి లేచి రెడ్డి ఇంటికి పోయినారు, పెండ్లికొడుకుతో సహా. డప్పు కొట్టేటోడు గూడా రిజిస్టర్లో మనిషే, డప్పు అరుగు మీద పెట్టి హాజరు పలికినాడు. తలారికి మా నాయన మొగానికున్న బాసికం చూసి నవ్వొచ్చిందంట. మా అమ్మ ముసలిదైనాక గూడా ఆ ముచ్చట చెప్పి నవ్వేది. నాయన నవ్వేటోడు కాదు.

పక్కూరికి పోవల్లంటే రహదారి చీటీ. అది రాసేది మళ్లా రెడ్డే. చీటీ ఊరికే వస్తాదా? మిరపకాయలు కోయిపో, కల్లం కావలి ఉండు, గోడకు మట్టి మోయి. కూలి అడిగినోడికి చీటీ లేదు. సంతకు పోకపోతే మా అమ్మ బుట్టలు అమ్ముడుపోవు, పోతే హాజరు తప్పతాది. అట్ల ఊరి రెడ్డికి ఖర్చు లేని కూలీలను ఇచ్చిన చట్టమది. కలకత్తాలో కూచొని రాసినోడికి ఇది తెలుసో తెలీదో గాని, ఇక్కడ అరుగు మీద కూచున్నోడికి బాగా తెలుసు.

మరీ ఎక్కువ అనుమానం ఉన్నోళ్లను సెటిల్మెంట్లకు తోలినారు. మన జిల్లాలో ఆత్మకూరు దగ్గర సిద్ధాపురం. కోస్తాలో బాపట్ల దగ్గర స్టువర్టుపురం, సాల్వేషన్ ఆర్మీ దొరలు నడిపింది, హెరాల్డ్ స్టువర్ట్ అనే మద్రాసు సర్కారు పెద్ద పేరు పెట్టినారు. అక్కడి మనోళ్లను చీరాల పొగాకు కంపెనీ పనికి తోలుతావుండ్రి. పిల్లోళ్లను తల్లిదండ్రుల నుంచి విడదీసి వేరే బడిలో పెట్టొచ్చని గూడా చట్టంలో ఉండె. మా పెదనాయన కుటుంబం అట్ల పోయిందే, మళ్లా మా కంట పడలే.

మనమొక్కరమే కాదప్పా. ఒడ్డెల్లో కొందరికి దొంగ ఒడ్డెలని, దాసరుల్లో కొందరికి దొంగ దాసరులని పేరు పెట్టి అదే పుస్తకంలో ఎక్కించినారు. ఇప్పుడు చూడండి, ఉయ్యాలవాడ నరసింహారెడ్డిని 1847 ఫిబ్రవరి 22న కోవెలకుంట్లలో ఉరితీసినారు కదా, ఆయన పక్కన నిలబడి కొట్లాడిన వడ్డె ఓబన్నకు సర్కారు జనవరిలో జయంతి చేసి పూలదండ వేస్తాంది. మంచిదే. ఆ మనిషి కులమోళ్లకు రాత్రి హాజరు వేయించింది గూడా సర్కారే అని ఆ మైకులో ఎవురూ చెప్పరు.

స్వాతంత్ర్యం వచ్చినప్పుడు నాకు తొమ్మిదో పదో. 1947లోనే మద్రాసు సర్కారు ఆ చట్టాన్ని ఎత్తేసింది. మా నాయన నమ్మలే. నెల రోజులు హాజరు టయానికి లేచి కూచుంటావుండె, పోకపోతే ఏమైతాదో అని. తర్వాత ఢిల్లీ సర్కారు కమిటీ వేసింది, దానికి పెద్ద మన తిరుచానూరు మనిషే, అనంతశయనం అయ్యంగారు. ఆ కమిటీ చట్టం తీసేయమన్నది. 1952 ఆగస్టు 31న దేశమంతా పోయింది. అప్పుడే మనకు విముక్త జాతులని పేరొచ్చింది. కాని 1948కే మద్రాసులో అలవాటు నేరస్థుల చట్టం తయారై ఉండె, 1962లో మన ఆంధ్రకు వేరేగా ఒకటి చేసినారు. జాతి పేరు కొట్టేసి మనిషి పేరు రాసినారు. స్టేషన్లో పాత రిజిస్టర్లు ఉన్న చోటనే ఉన్నాయి కదా, కొత్త పేర్లు యాడ నుంచి వస్తాయి?

నా సంగతి చెప్తా. పెండ్లయిన కొత్త. పక్కూర్లో ఒక పెద్ద ఇంట్లో బంగారు పోయింది. తెల్లారకముందే పోలీసులు మన గుడిసెల కాడికే వచ్చినారు, ఇంకో ఈధి చూడలే. మీ అవ్వ సంగటికని దంచి పెట్టుకున్న రాగిపిండి కుండ తలకిందులు చేసి నేల మీద పోసి లాఠీతో కెలికినారు, దాంట్లో కమ్మలు ఉంటాయని. పిండి మట్టిలో కలిసిపాయ. మీ అవ్వ ఇప్పటికీ పిండి కుండ అటక మీదనే పెడతాది, చూసినారు కదా.

బంగారు దొరకలే. అయినా నన్ను తీసుకుపోయి నూటా తొమ్మిదో సెక్షన్ పెట్టినారు. బతుకుతెరువు లేకుండా, దాక్కుని తిరుగుతాండాడని కేసు. మెజిస్ట్రేటు మంచిగానే మాట్లాడినాడు, మంచిగా ఉంటానని ముచ్చలిక రాసి ఇద్దరు జామీనుదార్లను తెచ్చుకోమన్నాడు. జామీను నిలబడేటోడికి భూమి ఉండల్ల, శిస్తు రశీదు చూపించల్ల. మన గుడిసెల్లో ఎవురికి శిస్తు రశీదుండాది? రెడ్లను, కమ్మోళ్లను అడిగితే, మీ వాళ్లకు జామీనా అన్నారు. ఇయ్యలేకపోతే సబ్ జైలే, గడువు తీరేదాకా. దొంగతనం చేసినందుకు కాదు, భూమి లేనందుకు లోపలున్నా.

అదే జైల్లో ఇంకో గదిలో ఒక ఫ్యాక్షన్ పెద్దమనిషి ఉండె, బాంబు కేసు. ఇంటి నుంచి మటన్ కూర వస్తాండె. ఆయనకు బెయిలు వచ్చిన రోజు జామీను నిలబడేదానికి ఊర్లో నుంచి ఎద్దులబండ్లు కట్టుకొని వచ్చినారు, ఒకరి తర్వాత ఒకరు రశీదులు తీసి చూపిస్తాండ్రి. గుమాస్తా ఇద్దరు చాలప్పా అని మిగిలినోళ్లను ఎనక్కి పంపించినాడు. నేను ఊసల సందులో నుంచి చూస్తాండా. మెజిస్ట్రేటు ఇద్దరికీ ఒకటే న్యాయం చెప్పినాడు పాపా, ఇద్దరినీ జామీనే అడిగినాడు. ఆ తర్వాత తెలిసింది, ఆ పెద్దింట్లో బంగారు తీసింది వాళ్లల్లుడే. ఎవురూ వచ్చి నాకు చెప్పలే, సంతలో విన్నా.

సినిమాల సంగతి వేరే. 1991లో చిరంజీవిది స్టువర్టుపురం పోలీస్ స్టేషన్ వచ్చింది, 2023లో టైగర్ నాగేశ్వరరావు వచ్చింది. ఆ రెండోదాని టీజర్ చూసి మనోళ్లు హైకోర్టుకు పోతే, ఒక ఊరిని, ఒక తెగను అట్ల చూపించేది ఏందని జడ్జీలు గూడా మందలించినారు. బస్సులో మా ఊరు స్టువర్టుపురం అని చెప్తే పక్కనోడు బ్యాగు దగ్గరికి లాక్కుంటాడని అక్కడి పిల్లోడు నాతో అన్నాడు.

అమెరికాలో ఉన్న మీ చిన్నాన్న ఫోన్లో చెప్తాండె, అక్కడ నల్లోళ్లను కారు ఆపి ఊరికే సోదా చేస్తారని, 2020లో ఒకాయన మెడ మీద మోకాలు పెట్టి చంపినారని. నాకు వింత అనిపించలే. అంత దూరం ఎందుకు, 2015 ఏప్రిల్ 7న మన శేషాచలం అడవుల్లో ఎర్రచందనం కేసని ఇరవై మందిని కాల్చినారు. తమిళనాడు కొండల నుంచి కూలికొచ్చిన గొడ్డలోళ్లు, ఎక్కువమంది గిరిజనులు. మా మీదికొచ్చినారు కాబట్టి కాల్చినామని పోలీసులన్నారు. ఎర్రచందనం దుంగలు ఓడెక్కించి కోట్లు చేసుకునే సేటు ఆ ఇరవైలో ఒక్కడన్నా ఉన్నాడా?

నువ్వు చదివి వినిపించిన సుప్రీం కోర్టు తీర్పు, 2024 అక్టోబరు 3ది, నాకు నచ్చింది. జైల్లో కులాన్ని బట్టి పని చెప్పకూడదు, రిజిస్టర్లో కులం గడి తీసేయల్ల, సంచార తెగ అని, నేరస్థ తెగ అని రాసి వేరు చేయకూడదు. సుకన్య శాంత అని ఒక విలేకరమ్మ వేసిన కేసు. మన ఆంధ్ర జైలు నియమాలు గూడా దాంట్లో బయటపడినాయి. 1952లో కొట్టేసిన మాట జైలు పుస్తకంలో 2024 దాకా బతికుండె చూడు.

గడి తీసేస్తారు సరే, జామీను సంగతి ఎవురు చూస్తారు? అందుకే నేను కూలి డబ్బులు కూడేసి ఆ ఎర్రనేల కొనింది. పండేది శెనిక్కాయలే, అదీ వానుంటే. పట్టాపుస్తకం మాత్రం నా పేరు మీద ఉండాది. మన పిల్లోడినెవురినైనా అనుమానం కేసులో పట్టుకుపోతే నేనే తహసీల్దారు ఆఫీసుకు పోయి, సర్టిఫికెట్ రాయించుకొని కోర్టులో నిలబడతా. ఎవురో వాయిదాకు రాకుండా ఎగ్గొడితే నీ చేను పోతాదని మీ అవ్వ ప్రతిసారీ తిడతాది. మొన్న ఒకడు ఎగ్గొట్టనే ఎగ్గొట్టినాడు, గుంతకల్లు దాకా పోయి వాన్ని మెడ పట్టుకొని తెచ్చినా. సోమవారం మళ్లా ఇంకోడి వాయిదా ఉండాది, నువ్వు రా పాపా, ఆ ఇంగ్లీషు కాగితంలో ఏమి రాసినారో నాకు చదివి చెప్పు.