భీమ్స్ సిసిరోలియో: సినీ ప్రస్థానం, సంగీత శైలి

భీమ్స్ సిసిరోలియో తెలుగు సినీ సంగీత దర్శకుడు, గాయకుడు, గీత రచయిత. స్వస్థలం ఇప్పటి మహబూబాబాద్ జిల్లా బయ్యారం. పాటలు రాస్తూ పరిశ్రమలో అడుగుపెట్టి, 'నువ్వా నేనా' (2012)తో సంగీత దర్శకుడయ్యారు. 'బెంగాల్ టైగర్' (2015) వంటి సినిమాలు చేసినా, పెద్ద పేరు రావడానికి పదేళ్లు పట్టింది. 2022 డిసెంబరు 23న 'ధమాకా', 2023 మార్చి 3న 'బలగం' విడుదలయ్యాయి. ఒకటి రవితేజ చిందులేసే సినిమా, రెండోది చావింటి కథ. ఈ రెండూ ఒకే మనిషి సంగీతమా అని ఆశ్చర్యపోయినవారు ఎందరో. నిజానికి రెండింటి వెనుకా ఉన్నది ఒకటే పద్ధతి: పాట బరువంతా ఊరి గొంతు మీద మోపడం.

సిరిసిల్లకు చెందిన వేణు యెల్దండి ఆ ప్రాంతపు ఊళ్లనే నేపథ్యంగా 'బలగం' తీశారు. చనిపోయినవారి దినాల నాడు కథ చెప్పించడం ఉత్తర తెలంగాణలో వాడుక. సినిమా చివర ఆ కథ చెప్పింది నటులు కాదు, వరంగల్ జిల్లా దుగ్గొండికి చెందిన బుడగజంగాల కళాకారులు మొగిలయ్య, కొమురమ్మ దంపతులు. సినిమాలో చనిపోయిన పెద్దాయన కొమురయ్య పిల్లలు కూర్చుని వింటుంటే ఆ ఇద్దరి రాగం సాగుతుంది. వాద్యాలు దాని కింద అణిగి ఉంటాయి. సన్నివేశం ఏడుపుదే అయినా, వయొలిన్లను ముంచెత్తి ఏడిపించే సులువైన దారి పట్టలేదు. 'సంక్రాంతికి వస్తున్నాం' (2025)లోనూ ఇదే చూపు: గోదారి గట్టు పాటకు చాన్నాళ్లుగా తెరమరుగైన గాయకుడు రమణ గోగులను, జానపద గాయనిగా ఎదిగిన మధుప్రియను జత చేశారు.

'బలగం' ఘనత రచయితదీ జంగాలదీ, సంగీత దర్శకుడు చేసిందేముంది అనేవారున్నారు. 'ఊరు పల్లెటూరు' పాట రాసిన కాసర్ల శ్యామ్‌కు 71వ జాతీయ చలనచిత్ర అవార్డుల్లో పురస్కారం వచ్చిన మాట నిజమే. కానీ నేర్చిన గొంతును దిద్దకుండా, దాని యాసను చెరపకుండా సినిమాలోకి తేవడమే ఇక్కడ సంగీత దర్శకుడి పని. జానపదాన్ని తెచ్చి నునుపు చేసిన పాటలు మనకు కొల్లలు. ఆయన హుషారు పాటలన్నీ ఒకేలా ఉంటాయన్న విమర్శలో మాత్రం కొంత నిజముంది. కొన్నింట్లో దరువు జోరుకు మాట వినబడదు. అయితే ఆ దరువును అదుపు చేయగలరనడానికి 'బలగం' ఒక్కటే సాక్ష్యం కాదు. 2024 సంవత్సరానికి తెలంగాణ ప్రభుత్వ గద్దర్ అవార్డుల్లో ఆయన్ను ఉత్తమ సంగీత దర్శకుడిగా నిలిపింది చరిత్ర కథ 'రజాకార్'.