మితాక్షర: వ్యాఖ్యానం చట్టమైన కథ

హిందూ వారసత్వ చట్టం 6వ సెక్షన్‌లో ‘మితాక్షర’ అనే మాట ఇప్పటికీ ఉంది. ఉమ్మడి ఆస్తి పంపకాల దావాల్లోనూ ఆ పేరు వినిపిస్తూనే ఉంటుంది. దాదాపు తొమ్మిది వందల ఏళ్ల కిందట సంస్కృతంలో పుట్టిన ఒక వ్యాఖ్యానం మన ఇళ్లలో పొలం గట్ల దాకా, ఇంటి వాటాల దాకా రావడం వెనుక పెద్ద చరిత్రే ఉంది.

కర్ణాటకలోని నేటి బసవకల్యాణ్ ఆనాటి పశ్చిమ చాళుక్యుల రాజధాని కల్యాణి. అక్కడ ఆరో విక్రమాదిత్యుడు (1076–1126) ఏలుతున్న రోజుల్లో విజ్ఞానేశ్వరుడు ధర్మశాస్త్ర గ్రంథమైన యాజ్ఞవల్క్య స్మృతికి ‘మితాక్షర’ అనే వ్యాఖ్యానం రాశాడు. మూలంలో ఉన్నట్టే ఇందులోనూ ఆచారం, వ్యవహారం, ప్రాయశ్చిత్తం అని మూడు భాగాలు. వ్యవహారమంటే వ్యాజ్యాల సంగతి. ఫిర్యాది చెప్పుకొన్నది, ప్రతివాది జవాబు, రుజువు, తీర్పు అంటూ విచారణ సాగే క్రమం అందులో ఉంది. పత్రం, ఆస్తిని అనుభవిస్తూ ఉండటం, సాక్షులు రుజువులు. తీర్పరుల నీతినీ ఆ స్మృతి గట్టిగానే పట్టించుకుంది. పక్షపాతంతోనో, ఆశకు లోబడో, భయపడో తప్పుడు తీర్పు చెప్పిన న్యాయసభ సభ్యుల్లో ఒక్కొక్కరికీ విడివిడిగా, ఆ వ్యాజ్యంలో ఓడినవాడు కట్టే జరిమానాకు రెట్టింపు వేయమంది.

ఈ గ్రంథాన్ని పదమూడో శతాబ్దంలో మూలఘటిక కేతన తెలుగు పద్యాల్లోకి తెచ్చాడు. అదే ‘విజ్ఞానేశ్వరీయం’. తిక్కనకు ‘దశకుమారచరిత్ర’ను అంకితమిచ్చిన కవి, తెలుగులో తెలుగుకు తొలి వ్యాకరణంగా పేరొందిన ‘ఆంధ్రభాషాభూషణం’ రాసిన పండితుడు ఈ కేతనే. భాషకు నియమాలు చెప్పిన మనిషే వ్యాజ్యాల నియమాలనూ తెలుగువాడి చెవికి చేర్చాడు. మన సాహిత్య చరిత్రల్లో ఆయన వ్యాకరణానికి దక్కినంత చోటు ఈ ధర్మశాస్త్రానికి దక్కకపోవడం అన్యాయం.

మితాక్షర దశ తిరిగింది ఈస్టిండియా కంపెనీ కాలంలో. వారసత్వం, వివాహం వంటి విషయాల్లో హిందువులకు శాస్త్రం ప్రకారమే తీర్పు చెప్పాలని 1772లో వారెన్ హేస్టింగ్స్ నిర్ణయించాడు. శాస్త్రం సంస్కృతంలో ఉంది, న్యాయమూర్తులు ఇంగ్లీషువాళ్లు. అందుకని కోర్టుల్లో పండితులను పెట్టుకున్నారు. 1810లో కంపెనీ అధికారి కోల్‌బ్రూక్ మితాక్షరలోని ఆస్తి పంపకాల ప్రకరణాన్ని, బెంగాల్‌లో చెల్లే జీమూతవాహనుడి ‘దాయభాగం’తో కలిపి ఇంగ్లీషులో అచ్చు వేయించాడు. కొడుక్కి తండ్రి ఆస్తిలో పుట్టుకతోనే హక్కు వస్తుందని మితాక్షర అంటే, తండ్రి పోయాకే వస్తుందని దాయభాగం అంది. ఆ తేడాతోనే కోర్టులు దేశాన్ని రెండు సంప్రదాయాలుగా చూశాయి. మద్రాసులో పనిచేసిన థామస్ స్ట్రేంజ్ 1825లో, జాన్ మేయిన్ 1878లో హిందూ ‘లా’ మీద గ్రంథాలు వెలువరించారు. ఈ మధ్యలో, 1864లో కోర్టు పండితుల పదవులే రద్దయ్యాయి. 1912లో హిందూ ‘లా’ మీద ముల్లా రాసిన పుస్తకం వచ్చింది. ప్లీడరు బల్ల మీద మూల గ్రంథం చోటును ఇలాంటి పుస్తకాలూ పాత తీర్పులూ ఆక్రమించాయి.

ఈ మార్పుకు మూల్యం చెల్లించింది ఆడవాళ్లు. వారసత్వంగా, కొనుగోలుగా, పంపకంలో, ఏ దారిన వచ్చినా స్త్రీకి దక్కిన ఆస్తి స్త్రీధనమేనని విజ్ఞానేశ్వరుడు విశాలంగా చెప్పాడు. అప్పటి అత్యున్నత అప్పీలు న్యాయస్థానం, లండన్‌లోని ప్రీవీ కౌన్సిల్ దాన్ని ఒప్పుకోలేదు. స్త్రీకి వారసత్వంగా వచ్చింది స్త్రీధనం కాదంది. భర్త ఆస్తి విధవరాలి చేతికొచ్చినా అది బతికినన్నాళ్లు అనుభవించే హక్కుగానే మిగిలింది. చర్చకు తావిచ్చే వ్యాఖ్యానాన్ని తీర్పులు బిగించి కదలని కట్టుబాటుగా మార్చేశాయి.

ఆ కట్టు 1956లో వదిలింది. హిందూ వారసత్వ చట్టం 14వ సెక్షన్ స్త్రీని తన ఆస్తికి పూర్తి యజమానిని చేసింది. వారసత్వం, పంపకం, కొనుగోలు అంటూ ఆ సెక్షన్ చెప్పే దారులు విజ్ఞానేశ్వరుడు చెప్పినవాటికి చాలా దగ్గర. అయితే పుట్టుకతో వచ్చే హక్కు మాత్రం ఇంకా కొడుకులదే. అక్కడ మితాక్షర సంప్రదాయాన్నే మార్చాల్సి వచ్చింది. ఆంధ్రప్రదేశ్ శాసనసభ ముందడుగు వేసింది. 1985 సెప్టెంబరు 5 నుంచి అమలయ్యేలా, అప్పటికి పెళ్లికాని కూతుళ్లను కొడుకులతో సమాన దాయాదులను చేసింది. 2005లో పార్లమెంటు పెళ్లయిందా లేదా అన్న షరతు లేకుండా దేశమంతటికీ ఆ హక్కు ఇచ్చింది. ఆ చట్టం వచ్చేనాటికి తండ్రి బతికి ఉండాల్సిన పని కూడా లేదని 2020లో సుప్రీంకోర్టు తేల్చింది.

ధర్మశాస్త్ర గ్రంథాన్ని పూజించి పక్కన పెట్టినా, కాలం చెల్లిందని పారేసినా నష్టపోయేది మనమే. అందులోని ఉదారతను వెతికి పట్టుకోవాలి, అన్యాయాన్ని దిద్దుకోవాలి. అందుకు ముందు అది మనకు అర్థమయ్యే భాషలో ఉండాలి. పుట్టింటి ఆస్తిలో తన వాటా ఎంతో తెలియని ఆడపిల్ల నేటికీ ఉంది. ఆమెకు ఆ చట్టాన్ని తేట తెలుగులో చెప్పే పుస్తకం రాయడం, కేతన మొదలుపెట్టిన పనిని కొనసాగించడమే.