తిరుగుబాటు నగరం, శిథిల నగరం: డబ్లిన్ గ్రంథాలు – పెనుకొండ కావ్యం

1926 ఫిబ్రవరిలో డబ్లిన్‌లోని ఆబీ థియేటరులో షాన్ ఓకేసీ రచించిన ‘ది ప్లౌ అండ్ ది స్టార్స్’ నాటక ప్రదర్శన పెద్ద గలభాకు గురైంది. పదేళ్ళ క్రితం జరిగిన ఈస్టర్ తిరుగుబాటులో ప్రాణాలు కోల్పోయిన వీరుల బంధువులు ప్రేక్షకులలో నిలబడి నిరసన తెలిపారు. తమవాళ్ళు మోసిన జెండాను సారాయి అంగడిలోకి తెచ్చారన్నది వారి ప్రధాన అభ్యంతరం. ఇంచుమించు అదే కాలంలో అనంతపురం జిల్లా పెనుకొండలో పట్టుమని పదిహేనేళ్ళు నిండని ఒక బాలుడు తన ఊరి శిథిలాలను చూసి ‘పెనుగొండ లక్ష్మి’ అనే పద్యకావ్యం రచించాడు. అతడే తరువాతి కాలంలో ‘శివతాండవం’ కర్తగా ప్రసిద్ధికెక్కిన పుట్టపర్తి నారాయణాచార్యులు.

ఈ రెండు రచనల మధ్య ఆదాన ప్రదానాలేవీ లేవు. కానీ ఓడిన నగరం గురించి రాసేటప్పుడు రచయిత దేన్ని చూస్తాడు, దేన్ని దాటిపోతాడు అన్న ప్రశ్నకు ఇవి రెండు భిన్నమైన సమాధానాలు. పెనుకొండ చరిత్ర రాజుల చరిత్రగా మాత్రమే మిగిలిపోవడానికి కారణం ఆధారాల కొరత ఒక్కటే కాదు, ఉన్న గ్రంథాలను చదివే పద్ధతి కూడా.

ఐర్లండు ప్రస్తావన రాయలసీమకు మరీ దూరపు చుట్టరికం కాదు. 1916లో అనీబిసెంట్ స్థాపించిన హోంరూల్ లీగు పేరే ఐరిష్ ఉద్యమం నుంచి వచ్చింది. ఐరిష్ కవి జేమ్స్ కజిన్స్ 1915లో మద్రాసుకు వచ్చి బిసెంట్ నడిపే ‘న్యూ ఇండియా’ పత్రికలో చేరారు. ఈస్టర్ తిరుగుబాటు నాయకులను మెచ్చుకుంటూ వ్యాసం రాసినందుకు ఆయన ఆ ఉద్యోగం కోల్పోవలసి వచ్చింది. అప్పుడు బిసెంట్ ఆయనను మదనపల్లె దివ్యజ్ఞాన కళాశాలకు అధ్యాపకునిగా పంపారు. డబ్లిన్‌లో మోగిన తుపాకుల పర్యవసానంగా రాయలసీమలోని ఒక కళాశాలకు ఆంగ్ల సాహిత్యాచార్యుడు లభించాడన్నమాట! 1919లో రవీంద్రనాథ ఠాకూరు ‘జనగణమన’ను ఆంగ్లంలోకి అనువదించింది ఆ కళాశాలలోనే. ఆ గీతానికి స్వరలిపి సమకూర్చడంలో కజిన్స్ భార్య మార్గరెట్ పాత్ర ఉంది. మరోవైపు డబ్లిన్‌లో న్యాయశాస్త్రం చదువుతున్న బరంపురం తెలుగువాడు వి.వి. గిరి ఐరిష్ ఉద్యమ ప్రభావానికి లోనై, 1916లో ఆ దేశం విడిచి రావలసి వచ్చింది. కజిన్స్ మదనపల్లెకు తెచ్చింది సాంస్కృతిక పునరుజ్జీవన భావన. గిరి స్వదేశానికి తెచ్చుకున్నది కార్మికోద్యమ స్ఫూర్తి. ప్రాచీన వైభవం వైపు చూసే చూపు, వీధిలోని శ్రామికుడి వైపు చూసే చూపు రెండూ ఐరిష్ ఉద్యమంలోనే ఉన్నాయి. వాటి మధ్య ఘర్షణే 1926లో ఆబీ థియేటరులో బద్దలైంది.

తిరుగుబాటు 1916 ఏప్రిల్ 24న మొదలై ఆరు రోజులు సాగింది. దాదాపు 485 మంది మరణించగా, వారిలో సగానికి పైగా సాధారణ పౌరులే. తిరుగుబాటుదారులు కేంద్రంగా చేసుకున్న తపాలా కార్యాలయం చుట్టుపక్కల వీధులు ఫిరంగి గుండ్లకు, మంటలకు నేలమట్టమయ్యాయి. జేమ్స్ స్టీఫెన్స్ అదే ఏడాది వెలువరించిన ‘ది ఇన్సరెక్షన్ ఇన్ డబ్లిన్’ ఆ వారాన్ని రోజువారీగా నమోదు చేసింది. ఏం జరుగుతోందో తెలియక వీధి మలుపుల్లో గుమిగూడిన జనం, పుకార్లు అందులో కనిపిస్తాయి. ఓకేసీ ఇంకా ముందుకు వెళ్ళారు. ఆయన నాటకంలో తిరుగుబాటు నాయకుని ప్రసంగం కిటికీ అవతలి నుంచి వినిపించే కంఠం మాత్రమే. రంగస్థలం నిండా ఉన్నది ఇరుకు ఇళ్ళలో అద్దెకుండే పేదలు. ఊరు తగలబడుతుంటే వాళ్ళలో కొందరు దుకాణాలు దోచుకుంటారు. ఇది వీరులకు అవమానమా, చరిత్రకు న్యాయమా అన్న వాదం అప్పుడే తేలలేదు. జేమ్స్ జాయిస్ 1922లో ప్రచురించిన ‘యులిసిస్’లో తిరుగుబాటు ప్రసక్తే రాదు, కథాకాలం 1904 జూన్ 16. దూరదేశాల్లో ఉంటూ, నగర చిరునామాల పుస్తకం దగ్గర పెట్టుకుని, బంధువులకు ఉత్తరాలు రాసి వివరాలు తెప్పించుకుని జాయిస్ ఆ ఒక్కరోజు డబ్లిన్‌ను నిర్మించారు. కాలిపోయిన వీధులు ఆ పుస్తకంలో చెక్కుచెదరక నిలిచాయి.

పెనుకొండకు అటువంటి పుస్తకం లేదు. ఈ లోటును తెలుగువారి చారిత్రక దృష్టి లోపంగా చూపడం పరిపాటి అయింది గాని, అది తొందరపాటు నిర్ణయం. 1565లో రక్కసి తంగడి యుద్ధం తరువాత అళియ రామరాయల తమ్ముడు తిరుమలరాయలు రాజధానిని పెనుకొండకు తరలించాడు. రామరాజభూషణుడు ‘వసుచరిత్ర’ను అంకితమిచ్చింది ఈ తిరుమలరాయలకే. మహానగరం పాడుపడిన కొద్దికాలానికే, దాని స్థానంలో నిలిచిన దుర్గంలోని ప్రభువుకు చేరిన ప్రబంధం అది. ఓటమి ఛాయ అందులో వెతికినా కనబడదు. శ్లేష, సంగీత నాదం, శృంగారం అన్నీ నిండుగా ఉన్నాయి. ప్రబంధ పురవర్ణనలో మేడలు, చాతుర్వర్ణ్యం, చతురంగ బలాలు, వేశ్యలు, పూలమ్మే పుష్పలావికలు తప్పక వస్తారు. వీరిని కేవలం కవిసమయాలని కొట్టివేసే విమర్శ ఒకవైపు, యథాతథ సాక్ష్యాలుగా స్వీకరించే విమర్శ మరొకవైపు ఉన్నాయి. రెండూ అసంపూర్ణాలే. పూలమ్మి, విటుడు చమత్కారంగా బేరమాడుకొనే పద్యం ఒక నిర్దిష్ట అంగడికి చిత్రం కాకపోవచ్చు. కానీ అంగడిలో స్త్రీ సరుకు అమ్మడం, బేరంలో మాటకు మాట చెప్పడం శ్రోతకు పరిచితం కాకుంటే ఆ చమత్కారమే పుట్టదు. రాజధాని చేజారిన సభలో పురవర్ణన ఏ లోటూ లేకుండా సాగడం కూడా ఒక చారిత్రక సాక్ష్యమే. కోల్పోయిన నగరాన్ని ఆ సభ పద్యంలో నిలుపుకుంది.

1577లో బీజాపురు సైన్యాలు, 1589లో గోల్కొండ సైన్యాలు పెనుకొండను ముట్టడించాయి. కాలక్రమంలో రాజపీఠం చంద్రగిరికి, వేలూరుకు తరలిపోయింది. 1927లో ఫాదర్ హెన్రీ హెరాస్ వెలువరించిన ‘ది ఆరవీడు డైనాస్టీ ఆఫ్ విజయనగర’ ఈ దశను శాసనాల, యాత్రికుల రాతల, జెసూట్ లేఖల ఆధారంగా చిత్రించింది. పాండిత్యంలో అది గొప్ప గ్రంథం. అయితే దాని సూత్రం పేరులోనే ఉంది: వంశం. వంశం కదలగానే కథ కూడా ఊరు విడిచిపోతుంది. రాజు వెళ్ళిపోయిన తరువాత పెనుకొండలో మిగిలినవారు ఏమయ్యారన్నది ఆ గ్రంథ పరిధిలోకి రాదు.

‘పెనుగొండ లక్ష్మి’ ప్రాధాన్యం ఇక్కడే ఉంది. ఈ కావ్యం గురించి చెప్పేవారంతా కవి లేతవయసునూ, తరువాత అదే కావ్యం ఆయన రాసిన విద్వాన్ పరీక్షకు పాఠ్యగ్రంథం కావడాన్నీ తలచుకుని ఆశ్చర్యపడతారు. ఆ ఆశ్చర్యం కావ్యాన్ని కప్పేసింది. గమనించవలసింది కవి నిలబడిన చోటు. విజయనగర వైభవాన్ని తలచి దుఃఖించిన కవులు తెలుగులో చాలామంది ఉన్నారు. వారిలో అధికులు హంపీకి యాత్రికులుగా వెళ్ళి చూసి వచ్చినవారు. పుట్టపర్తి మాత్రం శిథిలాల నడుమ నివసించినవారు. ఆయన బాల్యంలో పెనుకొండ పాడుపడిన కోటే కాదు, బతికి ఉన్న ఊరు కూడా. గగనమహల్, జైన బసది, బాబయ్య దర్గా ఉన్న ఆ ఊళ్ళోనే రైల్వే స్టేషను, సబ్ కలెక్టరు కచేరీ ఉండేవి. ఆ సబ్ కలెక్టరు భార్య అయిన ఆంగ్ల మహిళ వద్ద పుట్టపర్తి ఆంగ్ల సాహిత్యం నేర్చుకున్నారని ఆయన జీవితచరిత్రలు చెబుతాయి. లక్ష్మి విడిచిపోయిందని కవి విలపిస్తున్న ఊరిలో జనం సంత చేసుకుంటూనే ఉన్నారు. కావ్యం ఈ రెండో ఊరిని పెద్దగా పట్టించుకోలేదు. దీనిని బాలకవి లోపమనడం అన్యాయం. 1800లో నిజాము కంపెనీకి ధారపోసినందున ‘దత్తమండలం’ అని పిలిపించుకున్న సీమకు, చిలుకూరి నారాయణరావు ‘రాయలసీమ’ అనే పేరు ప్రతిపాదించింది 1928లో. తమ ప్రాంతానికి ఒక గౌరవనామం వెతుక్కుంటున్న తరానికి పేట కంటే కోట అవసరమైంది. ఐరిష్ పునరుజ్జీవన కవులు పురాణ వీరులను ఆశ్రయించడానికీ కారణం ఇటువంటిదే.

స్వాతంత్ర్యోద్యమకారుల్లోనూ ఇదే దృష్టి కనిపిస్తుంది. హిందూపురం ప్రాంతం నుంచి జాతీయోద్యమంలోకి వెళ్ళిన కల్లూరు సుబ్బారావు లేపాక్షి ఆలయ విశిష్టతను లోకానికి తెలపడానికి శ్రమించారు. అచ్యుతదేవరాయల కాలంలో విరూపణ్ణ, వీరణ్ణ సోదరుల పోషణలో వెలసిన ఆ ఆలయపు కప్పు మీది చిత్రాలు సాధారణంగా శిల్ప, పురాణ దృష్టితోనే చర్చకు వస్తాయి. కానీ శివపార్వతుల కల్యాణం చూడవచ్చిన స్త్రీల చీరలపై ఉన్న చారలు, గళ్ళు, పూలు, అంచులు ఏ పురాణంలోనివీ కావు. అవి 16వ శతాబ్ది మగ్గం మీదివి. ధర్మవరం నేతగాళ్ళు లేపాక్షి నమూనాలను నేటికీ పట్టుచీరల అంచులకు ఎత్తుకుంటున్నారు. ప్రబంధంలో శ్లేష మాటున దాగిన నగర జీవితం ఇక్కడ రంగుల్లో నేరుగా కనబడుతుంది. హెరాస్ వదిలిన చోటు నుంచి, అంటే రాజు వెళ్ళిపోయాక ఊరు ఎలా బతికిందన్న ప్రశ్న నుంచి, పరిశోధన మొదలుపెట్టగలవారికి ధర్మవరం మగ్గం, హిందూపురం బెల్లం సంత కూడా ఆకరాలే.

సాహిత్యం నుంచి సాంఘిక చరిత్రను రాబట్టే మార్గాన్ని 1949లో సురవరం ప్రతాపరెడ్డి ‘ఆంధ్రుల సాంఘిక చరిత్ర’ చూపింది. పుట్టపర్తి కూడా తన బాల్యకావ్యం దగ్గరే ఆగిపోలేదు. ‘రాయలనాటి రసికతా జీవనము’ అనే వచన గ్రంథంలో విజయనగర కాలపు మనుషుల జీవనరీతుల వైపు తిరిగారు. శిథిలాన్ని చూసి దుఃఖించిన కవే అందులో ఒకప్పుడు నివసించినవారిని గురించి వచనంలో విచారించారు. ‘పెనుగొండ లక్ష్మి’ని పాఠంగా చెప్పే తరగతుల్లో ఈ రెండో గ్రంథాన్ని దాని పక్కన పెట్టి చదివించడం అరుదు.