మిత్తి

కరీంనగర్‌లో పిల్లలు బడిలో వడ్డీ నేర్చుకుంటారు, పెద్దయ్యాక మిత్తి కడతారు. లెక్కల పుస్తకంలో ఉండేది బారువడ్డీ, చక్రవడ్డీ. బజారులో వినపడేది ‘నూటికి రెండు రూపాల మిత్తి’, ‘మిత్తి మీద మిత్తి’. ఉన్నోడు పైసలు ‘మిత్తికి తిప్పుతడు’, లేనోడు ‘మిత్తికి తెస్తడు’. జగిత్యాల, మంచిర్యాల, నిర్మల్, ఆదిలాబాద్ దాకా ఇదే మాట. బ్యాంకు ఫారంలో వడ్డీ అని అచ్చేసి ఉన్నా, సంతకం పెట్టే మనిషి అడిగేది మాత్రం ‘మిత్తి ఎంత పడ్తది సారూ?’ అనే.

మిత్తి అంటే మృత్యువు అని కూడా తెలుగులో ఉంది. మృత్యువుకు తద్భవం. పాత కావ్యాలు చదివినవాళ్లకు మిత్తి అనగానే గుర్తొచ్చేది యముడే. అందుకే అప్పుల గురించి రాసే ప్రతివాళ్లూ ఈ శ్లేష మీద చెయ్యి వేస్తారు: మిత్తి అంటే చావే, పేరులోనే ఉంది చూడండి అని. పైగా ఇంగ్లిష్ వాళ్ల మార్ట్‌గేజ్ కూడా సాయానికి వస్తుంది. పాత ఫ్రెంచిలో ‘చచ్చిన తాకట్టు’ అని దాని అర్థం. అందులోని ‘మోర్’, మన మృత్యువు ఒకే మూలం నుంచి వచ్చిన దూరపు చుట్టాలు. ఇంత చక్కగా అమరితే ఎవరికైనా నమ్మబుద్ధి అవుతుంది. కానీ అప్పు మిత్తికీ, చావు మిత్తికీ చుట్టరికం ఉందని నేననుకోను.

పెన్‌గంగ దాటితే మరాఠీ. ఆదిలాబాద్, భైంసా బజార్లలో అది ఇప్పటికీ నడిచే భాషే. మరాఠీ, హిందీ వ్యాపారుల జమాఖర్చు పుస్తకాల్లో ‘మితి’ అంటే తిథి, తేదీ. హుండీ (వ్యాపారులు రాసుకునే చెల్లింపు చీటీ) రాసిన రోజు ఒక మితి, అది చెల్లాల్సిన రోజు ఇంకో మితి. ఆ రెండింటి నడుమ రోజులకు పడేదే వడ్డీ కాబట్టి, తేదీ పేరే వడ్డీకీ అంటుకుంది. గడువుకు ముందే సొమ్ము చేతిలో పెట్టి, మిగిలిన రోజుల వడ్డీ తగ్గించుకోవడాన్ని హిందీ సేఠ్‌లు ‘మితీ కాట్నా’ అన్నారు. జమ్మికుంట పత్తి మార్కెట్‌లో సరుకు అమ్మిన రోజే నగదు కావాలంటే నూటికి ఒకటో రెండో కోసి ఇవ్వడం రైతులకు తెలిసిన సంగతే. పేరు క్యాష్ కటింగ్ అని మారింది గానీ పని అదే. సంస్కృతంలో మితి అంటే కొలత. మితం, పరిమితి అన్నీ ఆ ఇంటివే. మన మిత్తి ఈ దారినే, దుకాణం మెట్ల మీదుగా వచ్చి ఉంటుంది. నడుమ తకారం ఒత్తుకుపోయింది, అంతే.

వడ్డీకి మూలం వృద్ధి, అంటే పెరుగుట. ఆ మాటలో ఉన్నది డబ్బు పెరగడం. మిత్తిలో ఉన్నది రోజులు గడవడం. ఇంటి అప్పు సంగతి తెలియాలంటే రెండోదాన్నే పట్టుకోవాలి.

ఎందుకంటే మన ఊళ్లలో రేటు గురించి తెలియని మనిషి లేడు. నూటికి నెలకు రెండు రూపాయలంటే ఏడాదికి 24 శాతమని బడికి పోని అవ్వ కూడా చెప్తుంది. మహిళా సంఘాలకు ‘పావలా వడ్డీ’ అని ప్రభుత్వం పథకం పెట్టినప్పుడు, అది ఏడాదికి 3 శాతమని ఎవరూ విడమరిచి చెప్పలేదు, అవసరం కూడా రాలేదు. ఆ లెక్కన 8.5 శాతం ఇంటి అప్పు నూటికి నెలకు 71 పైసలు. రెండు రూపాయల మిత్తి కట్టి అలసిన మనిషికి 71 పైసలంటే ఉచితం లాగే వినపడుతుంది. బడి పుస్తకంలో సూత్రం ఏమంటుంది? అసలు, కాలం, రేటు, మూడూ గుణించమంటుంది. బజారు మిత్తిలో కాలం చిన్నది, పంట నుంచి పంటకు. అందుకని దాన్ని అడిగే అలవాటు మనకు లేదు. ఇంటి అప్పులో రేటు చిన్నది, కాలం పెద్దది.

లెక్క వేద్దాం. 30 లక్షలు, 8.5 శాతం, 20 ఏళ్లు. నెల కిస్తు 26,035 రూపాయలు. మొత్తం కట్టేది సుమారు 62.5 లక్షలు, అందులో మిత్తి 32.5 లక్షలు. అసలు కంటే ఎక్కువ. అదే అప్పును 15 ఏళ్లకు పెట్టుకుంటే కిస్తు 29,542. నెలకు మూడున్నర వేలు ఎక్కువ, మొత్తం మీద మిత్తి 23 లక్షల చిల్లర. 30 ఏళ్లకు పెట్టుకుంటే కిస్తు 23,067కు దిగుతుంది, మిత్తి 53 లక్షలకు ఎక్కుతుంది. రేటు మూడింటికీ ఒక్కటే. మారింది మితి.

కరీంనగర్ మంకమ్మతోట వైపు ఒక బ్యాంకులో ఓ పెద్దమ్మను చూశాను. కొడుకు దుబాయిలో ఉంటాడు, పైసలు పంపుతాడు, ఈమె వచ్చి చూసుకుంటుంది. చేతిలో నాలుగు మడతలు పెట్టిన స్టేట్‌మెంట్. ‘ఇన్నేండ్ల సంది కడ్తున్నం గద సారూ, అసల్ల ఎంత వొయ్యింది?’ అని అడిగింది. అక్కడి ఆఫీసరు మంచివాడు, కంప్యూటర్ తెర ఆమె వైపు తిప్పాడు. ‘మొదటి ఏండ్లల్ల అంతా మిత్తికే పోతది అమ్మా’ అన్నాడు. ఆమె వేలితో ఒక్కో వరస మీదుగా కిందికి వచ్చింది. తేదీ, జమ, వడ్డీ, నిలువ. నిలువ గడి దగ్గర వేలు ఆగింది. ‘గిదేంది, అసలు కదల్నే లేదు!’

తెలుగులో ‘అసలు’కు రెండు పనులు. అరబ్బీలో అస్ల్ అంటే వేరు, మూలం. అప్పులో మూలధనమైంది. మాటల్లో ‘అసలు రాలేదు’ అన్నప్పుడు ‘బొత్తిగా’ అనే అర్థంలో వాడతాం. ఆ పెద్దమ్మ వాక్యంలో రెండూ ఒకేచోట పడ్డాయి. పైన వేసిన లెక్కలోనే చూస్తే, మొదటి నెల కట్టే 26,035లో మిత్తి 21,250, అసలుకు పోయేది 4,785. ఐదేళ్లు తప్పకుండా కట్టాక 15.6 లక్షలు చెల్లిస్తాం, అసలు తగ్గేది మూడున్నర లక్షలు. పదేళ్లు, అంటే సగం గడువు, అయ్యాక కూడా ఇంకా 21 లక్షలు మిగిలే ఉంటాయి. అసలు సగానికి రావడానికి దాదాపు 14 ఏళ్లు పడుతుంది. ఇందులో మోసం లేదు. నెల మొదట్లో ఎంత బాకీ ఉందో దానికే మిత్తి కడుతున్నాం, బాకీ పెద్దదిగా ఉన్నన్నాళ్లు మిత్తీ పెద్దదే. మధ్యయుగపు ఇంగ్లండ్‌లో తాకట్టు భూమి పంట అప్పుకు జమ అయితే దాన్ని బతికిన తాకట్టు అన్నారు, పంట తింటూ కూడా అప్పు తగ్గించకపోతే చచ్చిన తాకట్టు అన్నారు. మొదటి ఐదేళ్ల స్టేట్‌మెంట్ చూస్తే ఆ రెండో పేరు ఎందుకు పుట్టిందో తెలుస్తుంది.

దీన్ని మన వైపు తిప్పుకునే పిడి కూడా ఇక్కడే ఉంది. మొదటి ఏడాది చివర ఒక లక్ష అదనంగా కట్టి, కిస్తు మార్చకుండా ఉంచితే అప్పు ఏడాదిన్నర ముందే తీరుతుంది, మిత్తిలో 3.7 లక్షలు మిగులుతాయి. అదే లక్షను పద్దెనిమిదో ఏట కడితే మిగిలేది వేలల్లోనే. మారే రేటు మీద ఇచ్చిన ఇంటి అప్పును వ్యక్తులు ముందే తీర్చుకుంటే బ్యాంకులు జరిమానా వేయకూడదని రిజర్వ్ బ్యాంకు 2012లోనే చెప్పింది. మితీ కాట్నా అన్నమాట, ఈసారి అప్పు తెచ్చుకున్నవాడి చేతిలో.

‘అసలు కంటే మిత్తి ముద్దు’ అని మనవళ్లను ఎత్తుకున్నప్పుడల్లా అంటాం. ఈ సామెత పుట్టింది అప్పు ఇచ్చినవాడి నోట్లో అని ఎవరూ గమనించరు. తెచ్చుకున్నవాడెవడూ ఆ మాట అనడు.

తాకట్టుకు ఇక్కడ మాటలు చాలా ఉన్నాయి. బంగారాన్ని కుదువబెడతాం, కుదువ మన సొంత మాట. గిర్వి పారసీ నుంచి, రెహన్ అరబ్బీ నుంచి, నిజాం కచేరీల మీదుగా వచ్చాయి. ఇంటికి మాత్రం ఇవేవీ వాడరు. ‘కాయితాలు బ్యాంకుల పెట్టినం’ అంటారు. చట్టపరంగా ఇంతకంటే సరైన మాట లేదు. 1882 నాటి ఆస్తి బదలాయింపు చట్టం 58వ సెక్షన్ చెప్పే తాకట్టుల్లో హక్కు పత్రాలు అప్పగించి చేసేది ఒకటి, బ్యాంకులు సాధారణంగా చేయించుకునేది దాన్నే. ఇల్లు కదలదు, కాగితం కదులుతుంది. ప్రైవేటు ఫైనాన్స్‌లో కొందరికి ఇది చాలదు, ఏకంగా అమ్మినట్టే రిజిస్ట్రేషన్ చేయించుకుంటారు. 2015లో కరీంనగర్‌ను కుదిపేసిన పోలీసు ఏఎస్సై వడ్డీ వ్యాపారం కేసులో ప్రధాన ఆరోపణ ఇదే. అమ్మకం కాగితం మీద గడువు అనే గడి ఉండదు. మితి లేని చోట మిత్తిని కొలిచేదెలా?

ఇక తనఖా. ఈ మాట పుట్టుక చూస్తే కొంచెం నవ్వొస్తుంది. పారసీలో తన్‌ఖ్వాహ్ అంటే ‘తనువు కోరేది’, ఒంటికి కావలసింది, అంటే జీతం. పాతబజార్లో ఉర్దూ మాట్లాడేవాళ్లు ఇప్పటికీ జీతాన్ని తన్‌ఖా అనే అంటారు. మొగలుల కాలంలో ఉద్యోగి జీతం కింద ఫలానా ఊరి శిస్తును అతనికి రాసిచ్చేవారు, ఆ రాతకూ అదే పేరు. అలా భూమి రాబడిని ఒకరికి కట్టబెట్టడం అనే అర్థం నుంచి తెలుగులో భూమి తాకట్టుకు దిగింది. ఇవాళ బ్యాంకుకు పోతే మొదట అడిగేది జీతం చీటీ. ఇంటి విలువ తర్వాతి మాట. ఇంటి కాగితాలు బ్యాంకు బీరువాలో ఉంటాయి, నెలనెలా బ్యాంకుకు పోయేది తన్‌ఖానే. మూడు వందల ఏళ్లు తిరిగి మాట పుట్టింటికి చేరింది.

జీతం ఇరవై ఏళ్లు ఒకే తీరుగా వస్తుందా అన్నది ఒక ప్రశ్న. రేటు అలాగే ఉంటుందా అన్నది ఇంకో ప్రశ్న, దానికి జవాబు అందరూ చూశారు. రిజర్వ్ బ్యాంకు బ్యాంకులకు అప్పిచ్చే రెపో రేటు 2022 మే మొదట్లో 4 శాతం, 2023 ఫిబ్రవరికి 6.5కు చేరింది. 6.75 శాతానికి 20 ఏళ్ల కోసం 30 లక్షలు తెచ్చుకున్న మనిషి కిస్తు 22,811. రెండేళ్లు కట్టాక బాకీ 28.5 లక్షలు, మిగిలింది 18 ఏళ్లు. అప్పుడు రేటు ఆ రెండున్నర శాతమూ ఒక్కసారే పెరిగి 9.25 అయిందనుకోండి. నెల మిత్తే 21,950 దాటుతుంది. కిస్తు పెంచకుండా వదిలేస్తే ఆ 18 ఏళ్లు 35 ఏళ్లు దాటుతాయి. ఫోనుకు వచ్చే మెసేజ్‌లో కిస్తు మారదు కాబట్టి ఇంట్లో ఎవరికీ తెలియదు. బ్యాంకులు పదవీ విరమణ వయసు చూసి ఎక్కడో ఆపుతాయి గానీ, మొదట సాగదీసేది గడువునే. ఇలా చెప్పకుండా సాగదీయొద్దని, కిస్తు పెంచుకుంటారా గడువు పెంచుకుంటారా అని అడగాలని 2023 ఆగస్టులో రిజర్వ్ బ్యాంకు ఆదేశించింది. రేటు పెరిగిందన్న వార్త పేపర్లో వస్తుంది. ఆయుష్షు పెరిగిన అప్పు వార్త రాదు.

ఫైనాన్స్ కంపెనీలు ‘రూపాయి మిత్తే’ అని చెప్పే అప్పుల్లో ఇంకో కిటుకు. లక్ష రూపాయలు ఐదేళ్లకు, రూపాయి మిత్తి అంటే 60 వేలు. కలిపి 60 కిస్తులు, నెలకు 2,667. అసలు నెలనెలా తగ్గుతున్నా మిత్తి మాత్రం మొదటి రోజు లక్ష మీదే. బ్యాంకు పద్ధతిలో లెక్కేస్తే అది 12 శాతం కాదు, 20 దాటుతుంది. దీన్ని బారువడ్డీ అని మెచ్చుకునేవాళ్లూ ఉన్నారు.

ఇంతా చెప్పి, ఇంటి అప్పు తప్పని తేల్చడం నా ఉద్దేశం కాదు. 62 లక్షలని వినగానే గుండె పట్టుకునేవాళ్లు, పందొమ్మిదో ఏట కట్టే 26 వేలకు ఇవాళ్టి 26 వేల విలువ ఉండదన్నది మరిచిపోతారు. కిరాయి కూడా ఏటా పెరిగేదే. కాలం అప్పిచ్చినవాడికి ఒక్కడికే పనిచేయదు. పన్ను మిగులుతుందనే మాట మాత్రం ఇప్పుడు ఆచితూచి నమ్మాలి. కొత్త పన్ను విధానంలో, ఉంటున్న సొంతింటి మిత్తికి ఆ వెసులుబాటు లేదు. బ్యాంకులో అడగాల్సింది ‘ఎంత మిత్తి’ అని కాదు, ‘ఎన్నేండ్ల మిత్తి’ అని. 2024 అక్టోబరు నుంచి ప్రతి కొత్త ఇంటి అప్పుకూ ఫీజులూ ఖర్చులూ కలిపిన ఏడాది రేటును ఒక కాగితం మీద రాసి ఇవ్వాలి. సంతకాల కట్టలో అది ఎక్కడో మధ్యలో ఉంటుంది, వెతికి చదవాలి.

అప్పు తీరినవాళ్లకూ ఒక మితి దొరికింది. 2023 డిసెంబరు 1 తర్వాత పూర్తిగా తీర్చినవాళ్లకు 30 రోజుల్లోగా ఇంటి కాగితాలు తిరిగి ఇవ్వాలి. బ్యాంకు తన తప్పు వల్ల ఆలస్యం చేస్తే, దాటిన ఒక్కో రోజుకు 5,000 రూపాయల చొప్పున బ్యాంకే కట్టాలి.