యోహాను పేరుకు అర్థం ఏంటి? జాన్, ఇవాన్, అన్నమ్మ.. వీటన్నిటికీ ఉన్న లింక్ తెలుసా?

ఉత్తరాంధ్రలో బాబు పుట్టాడని తెలిస్తే చుట్టాలు ముందుగా అడిగే మాట ఒకటుంది. 'గుంటడికి పేరేటెట్టారు?' సింహాద్రి అప్పన్న భక్తులైతే అప్పలరాజు, అప్పలస్వామి అంటారు. విజయనగరం వైపు పైడితల్లి అమ్మవారి పేరు మీద పైడిరాజు, పైడమ్మ అని పెట్టుకుంటారు. శ్రీకాకుళం, విజయనగరం జిల్లాల క్రైస్తవ కుటుంబాల్లో తరతరాలుగా వినిపిస్తున్న పేరు యోహాను. తాత యోహాను అయితే మనవడు జాన్ అవుతాడు. పలికే తీరు మారినా పేరు మాత్రం ఒకటే. ఇంతకీ ఈ పేరు ఎక్కడిది? దీని అర్థం ఏంటి? రికార్డుల్లో రాయించేటప్పుడు ఏం చూసుకోవాలి? ఒక్కొక్కటిగా చూద్దాం.

అసలు అర్థం ఇదీ..

యోహాను మూలం హీబ్రూ భాషలో ఉంది. అక్కడ దీన్ని 'యోహానాన్' అంటారు. ఇందులో రెండు ముక్కలున్నాయి. 'యో' అంటే దేవుడి పేరైన యెహోవాకు పొట్టి రూపం. 'హానాన్' అంటే దయ చూపాడు, కరుణించాడు. రెండూ కలిపితే 'దేవుడు దయ చూపాడు' అని అర్థం. తెలుగు బైబిల్ పాత నిబంధనలో యోహానాను అనే పేరు కనిపిస్తుంది. కొత్త నిబంధనకు వచ్చేసరికి అదే యోహాను అయింది.

ఇంకో విశేషం ఉంది. హన్నా అనే పేరు కూడా ఇదే ధాతువు నుంచి వచ్చింది. హన్నా నుంచి అన్న, అన్న నుంచి మన అన్నమ్మ. అంటే ఒకే ఇంట్లో యోహాను, అన్నమ్మ ఉంటే ఇద్దరి పేర్లలోనూ ఉన్నది 'దయ' అన్న మాటే. హనన్యా అనే పేరులో అయితే ఈ రెండు ముక్కలే అటూ ఇటూ మారాయి. తెలుగు క్రైస్తవులు పెట్టుకునే కృపారావు, కరుణాకర్, దయామణి లాంటి పేర్లు కూడా భావంలో యోహానుకు దగ్గరి చుట్టాలే.

పేరు పెట్టే దగ్గరే గొడవ!

బైబిల్లో ఈ పేరు చుట్టూ ఒక ఇంటి కథ ఉంది. లూకా సువార్త మొదటి అధ్యాయం ప్రకారం జెకర్యా, ఎలీసబెతు దంపతులకు ముసలి వయసులో కొడుకు పుడతాడు. బాబుకు తండ్రి పేరే పెట్టాలని బంధువులు పట్టుబడతారు. తల్లి మాత్రం యోహాను అనే పెట్టాలంటుంది. మీ వంశంలో ఆ పేరు ఎవరికీ లేదు కదా అని వాళ్లు ఒప్పుకోరు. అప్పటికి తండ్రికి మాట పడిపోయి ఉంది. పలక తెప్పించుకుని దాని మీద యోహాను అని రాసి చూపిస్తాడు. అక్కడితో గొడవ తీరిపోయింది.

ఆ బాబే పెద్దయ్యాక బాప్తిస్మమిచ్చు యోహాను అయ్యాడు. యేసు శిష్యుల్లో మరో యోహాను ఉన్నాడు. ఈయన జెబెదయి కొడుకు, యాకోబు తమ్ముడు. నాలుగో సువార్త ఈయన పేరు మీదే ఉంది. మీ ఇంట్లో యోహాను ఉంటే 'ఏ యోహాను పేరు పెట్టారు?' అని పెద్దవాళ్లను అడిగి చూడండి.

దేశానికో పలుకు

హీబ్రూ నుంచి గ్రీకు, లాటిన్ మీదుగా ఈ పేరు యూరప్ అంతా తిరిగింది. ఇంగ్లిష్‌లో జాన్, జర్మన్‌లో యోహాన్, రష్యన్‌లో ఇవాన్, స్పానిష్‌లో హువాన్, ఇటాలియన్‌లో జొవాన్ని, ఐరిష్‌లో షాన్ అయింది. ఆడవాళ్ల పేర్లలో జేన్, జోన్, జానెట్ కూడా దీని రూపాలే. తెలుగు బైబిల్లో ఈ పేరున్న మహిళ యోహన్న. ముస్లింలు ఈ ప్రవక్తను యహ్యా అంటారు.

తమిళ క్యాథలిక్కులు ఇంకో దారి పట్టారు. శబ్దాన్ని కాకుండా అర్థాన్ని తీసుకున్నారు. 'అరుళ్' అంటే దయ. అలా యోహాను అక్కడ అరుళప్ప అయ్యాడు. హైదరాబాద్ ఆర్చ్ బిషప్‌గా పనిచేసిన అరుళప్ప పేరులో ఉన్నది అదే.

సినిమా వాళ్లలోనూ ఈ పేరుంది. బాలీవుడ్ కమెడియన్ జానీ లీవర్ మన తెలుగువాడే. కనిగిరిలో పుట్టిన ఆయన అసలు పేరు జాన్ ప్రకాశరావు జనుమల. ముందు బైబిల్ పేరు, వెనక తెలుగు పేరు కలిపి పెట్టుకోవడం తెలుగు క్రైస్తవ ఇళ్లలో బాగా కనిపించే పద్ధతి.

విశాఖ తీరం నుంచి తెలుగు అచ్చులోకి

బైబిల్ పేర్లు తెలుగు అచ్చులోకి రావడంలో ఉత్తరాంధ్రది పెద్ద పాత్ర. 1805లో లండన్ మిషనరీ సొసైటీ తరఫున జార్జ్ క్రాన్, అగస్టస్ డెస్ గ్రాంజెస్ విశాఖపట్నం వచ్చారు. అప్పట్లో విజయనగరం విశాఖ జిల్లాలోనే ఉండేది. శ్రీకాకుళం గంజాం జిల్లా కింద ఉండేది. వాళ్లకు అనువాదంలో సాయం చేసింది ఆనందరాయర్ అనే పండితుడు. ఆ కృషి ఫలితంగా 1812లో బెంగాల్‌లోని శ్రీరాంపూర్‌లో మత్తయి, మార్కు, లూకా సువార్తలు తెలుగులో అచ్చయ్యాయి. అప్పటికి యోహాను సువార్త లేదు. 1818లో మద్రాసులో ప్రిచెట్ అనువదించిన కొత్త నిబంధన మొత్తం అచ్చయింది.

పౌల్‌ను పౌలు, మార్క్‌ను మార్కు, యోహాన్‌ను యోహాను చేసింది మన తెలుగే. బస్సు, కారు అన్నట్టే మాట చివర అచ్చు పెట్టి పలకడం మనకు అలవాటు.

19వ శతాబ్దంలో విశాఖలో ఇద్దరు 'యోహానులు' ఉండటం ఇంకో విశేషం. తెలుగు బైబిల్ అనువాదం మీద ఏళ్ల తరబడి పనిచేసిన జాన్ హే ఒకరు. 1886లో విశాఖ క్యాథలిక్ మేత్రాసనం ఏర్పడినప్పుడు బిషప్ అయిన ఫ్రెంచ్ గురువు జాన్ మరీ తిస్సో మరొకరు. ఒకరిది బ్రిటిష్ జాన్, ఇంకొకరిది ఫ్రెంచ్ జాన్. తెలుగులో చెప్పాలంటే ఇద్దరూ యోహానులే.

బాప్టిస్టు అంటే యోహాను సంఘమా?

1870ల నుంచి కెనడా బాప్టిస్టు మిషనరీలు శ్రీకాకుళం, బొబ్బిలి, విజయనగరం ప్రాంతాల్లో పనిచేశారు. ఇక్కడ బాప్టిస్టు సంఘాలు ఎక్కువగా ఉండటానికి కారణం అదే. బాప్టిస్టు అనే మాట బాప్తిస్మమిచ్చు యోహాను పేరు మీద వచ్చిందని కొందరు అనుకుంటారు. అది నిజం కాదు. ఊహ తెలిసి నమ్మినవాళ్లకే బాప్తిస్మం ఇచ్చే పద్ధతిని బట్టి ఆ పేరు వచ్చింది.

పేరు పెట్టే సమయంలోనూ తేడా ఉంది. క్యాథలిక్కులు పసిపిల్లలకే జ్ఞానస్నానం ఇస్తారు, పునీతుల పేరు అప్పుడే పెడతారు. బాప్టిస్టుల ఇళ్లలో పేరు ముందే వస్తుంది, బాప్తిస్మం ఏళ్ల తర్వాత ఉంటుంది. పెద్దయ్యాక విశ్వాసంలోకి వచ్చినవాళ్లు కొందరు కొత్త పేరు తీసుకుంటారు, కొందరు పాత పేరుతోనే ఉంటారు.

రికార్డుల్లో ఏ పేరు?

ఇంట్లో ఒక పేరు, బడి రిజిస్టర్‌లో ఇంకో పేరు ఉండటం ఇక్కడ కొత్తేం కాదు. దీని వెనక పెద్ద లెక్కే ఉంది. 1950 నాటి రాష్ట్రపతి ఉత్తర్వు ప్రకారం ఎస్సీ హోదా హిందువులకే ఉండేది. 1956లో సిక్కులను, 1990లో బౌద్ధులను చేర్చారు. క్రైస్తవంలోకి మారిన ఎస్సీలు ఆంధ్రప్రదేశ్‌లో బీసీ-సీ కిందకు వస్తారు. ఎస్టీలకు ఈ నిబంధన లేదు. అయితే ఆ ఉత్తర్వు మాట్లాడేది మతం గురించి, పేరు గురించి కాదు. అయినా యోహాను అని రాయిస్తే రేపు బాబుకు ఇబ్బంది అవుతుందేమో అని వెనకాడే అమ్మానాన్నలు ఉన్నారు. తాత పేరు నిలబెట్టాలా, పిల్లాడి భవిష్యత్తు చూడాలా అన్నది చాలా ఇళ్లలో తేలని ప్రశ్న.

ఏ పేరు పెట్టినా ఈ విషయాలు గుర్తుంచుకోండి:

జనన నమోదులో పేరు ఖాళీగా ఉంటే ఏడాదిలోపు రుసుం లేకుండా చేర్పించవచ్చు. ఆ తర్వాత 15 ఏళ్ల వరకు ఆలస్య రుసుం కట్టి చేర్పించవచ్చు.

2023 అక్టోబర్ 1 నుంచి పుట్టినవాళ్లకు స్కూల్ అడ్మిషన్, డ్రైవింగ్ లైసెన్స్, ఓటరు నమోదు లాంటి వాటికి పుట్టిన తేదీ రుజువు జనన ధ్రువపత్రమే. అందులో ఎలా ఉందో మిగతా చోట్లా అలాగే ఉండాలి.

మనకు యోహాను, జాన్ ఒకటే. కంప్యూటర్‌కు మాత్రం రెండు వేర్వేరు పేర్లు. ఇంగ్లిష్‌లో 'వై'తో రాస్తారా, 'జె'తో రాస్తారా, చివర 'యు' పెడతారా అన్నది మొదటి రోజే తేల్చుకోండి. ఆధార్‌లో ఒకలా, టెన్త్ సర్టిఫికెట్‌లో ఇంకోలా ఉంటే తర్వాత ఆఫీసుల చుట్టూ తిరగాల్సింది పిల్లలే.

జెకర్యా కూడా చేసింది ఇదే. నలుగురూ నాలుగు మాటలంటుంటే పలక మీద ఒక్క పేరు స్పష్టంగా రాశాడు. మీరూ ఫారం మీద ఆ ఒక్క పేరును తప్పుల్లేకుండా రాయించండి.