గాల్టన్-సింప్సన్ల హాస్యనాటికా రచనము

టెలివిజను హాస్యనాటికలకు రచయిత యొకఁడుండునను సంగతిఁ బ్రేక్షకులలోఁ బెక్కండ్రు తలఁపరు. నటుని ముఖము మనస్సున నిలుచును; వ్రాసినవాని పేరు తెరమీఁదఁ దోఁచి మాయమగును. ఆంగ్లదేశమున జంటకవులవలె వ్రాసిన రే గాల్టన్, ఆలన్ సింప్సన్ అనువారి చరిత్రము ఈ సందర్భమున విచారింపఁదగినది.

సింప్సన్ 1929లోను, గాల్టన్ 1930లోను లండనునఁ బుట్టిరి. ఇరువదియేండ్లు నిండకమున్నే యిరువురకును క్షయవ్యాధి సోఁకెను. 1948లో సర్రే మండలమునందలి మిల్ఫర్డు చికిత్సాలయమున వారికిఁ బరిచయము కలిగెను. రోగుల వినోదార్థ మచట నడచు రేడియోకై చిన్న హాస్యఖండికలు వ్రాయఁజొచ్చి, 1951 నాఁటికి బి.బి.సి. హాస్యకారులకు వ్రాయువారైరి.

1954లో టోనీ హాన్కాక్ అను నటునికై 'హాన్కాక్స్ హాఫ్ అవర్' అను రేడియో నాటికామాల నారంభించిరి. 1956లో నది టెలివిజనున కెక్కెను. అంతకుమున్ను రేడియో హాస్యమనఁగాఁ బెక్కుచోట్లఁ బాటలు, వానినడుమఁ బొంతనలేని పరిహాసోక్తులు. వీరు పాటలఁ దొలఁగించి యరగంటయు నొకే కథను నడపిరి. 1958 నాఁటి రేడియో నాటికయొకదానిలో ఆదివారపు మధ్యాహ్నము, వాన, తోఁచమి, అంతే. ఏమియు జరుగదు. భరతుఁడు వికృతవేషాదులను హాస్యమునకు విభావములుగాఁ జెప్పెను. ఇందు వేషవైకృతము లేదు. పాత్రము తన్నుఁగూర్చి తలఁచుకొనుదానికిని, దాని యసలు స్థితికిని గల వైషమ్యమే విభావము. ఈ రీతిని రోగశయ్యయే నేర్పెననుట సాహసము. కాని నెలలకొలఁది మంచముపట్టి యున్నవారికిఁ గాలము గడవమి యెట్టిదో తెలియకుండునా?

1961లో హాన్కాక్ వీరిని విడిచెను. పిమ్మట నతనికిఁ బూర్వపు ప్రతిష్ఠ దక్కలేదు. 1968లో సిడ్నీ నగరమున నాత్మహత్య చేసికొనెను. దీనికి రచయితల వియోగమొక్కటియే కారణమనుట న్యాయము కాదు. పానవ్యసన మతనిఁ జాల చెఱచినది.

రచయితలకు మాత్ర మా వియోగము మేలే చేసెను. 1962 జనవరిలో వీరి 'ది ఆఫర్' ప్రసారమయ్యెను. పాతసామానులు సేకరించి యమ్ముకొను తండ్రికొడుకుల కథ యది. ఇల్లు విడిచిపోఁ దలఁచి కొడుకు తన సామానంతయు బండికెత్తును. తండ్రి గుఱ్ఱము నీయఁడు. తానే లాగఁజూచును, బండి కదలదు. కొడుకు ఏడ్చును. తండ్రి మెల్లగా లోనికిఁ దోడుకొనిపోవును. ఇది హాస్యమా, కరుణమా? పాత్రధారులైన బ్రాంబెల్, కార్బెట్టులు హాస్యగాండ్రు కారు, నాటకరంగమున నాఱితేఱిన నటులు. ఈ బీజమునుండియే 'స్టెప్టో అండ్ సన్' పుట్టి 1965 వఱకును, మరల 1970 మొదలు 1974 వఱకును నడచెను. 1972లో నమెరికావారు దీనిని నల్లజాతి కుటుంబమునకు మార్చి 'శాన్ఫర్డ్ అండ్ సన్' అని ప్రదర్శించిరి.

సింప్సన్ 2017లోను, గాల్టన్ 2018లోను గతించిరి.

ఆ కాలమున టేపుల వెల హెచ్చగుటచే, చెఱిపి మరల వాడుకొనుట బి.బి.సి.లో వాడుక. తాళపత్రములఁ బరిష్కరించు పండితులకు మూలము నశించి పుత్రిక మిగులుట క్రొత్త కాదు. 1970లో రంగులలోఁ దీసిన స్టెప్టో నాటికలలోఁ బెక్కింటికి నదియే సంభవించెను. అవి నేఁడు చూడ లభించుచున్నవనిన, రచయితలు తమకొఱకై యుంచుకొన్న నలుపుతెలుపు ప్రతులే కారణము.