దహోమీ ఆడసైన్యం – ఒక సందేహం

ఆడవాళ్లు కత్తి పట్టారంటే ఆ సమాజంలో వాళ్లకి స్వేచ్ఛ ఉన్నట్టేనా? నేనూ చాన్నాళ్లు అలాగే అనుకున్నా. దహోమీ గురించి చదివాక ఆ లెక్క తప్పింది.

ఇప్పటి బెనిన్ దేశంలో, పశ్చిమ ఆఫ్రికాలో ఉండేదీ రాజ్యం. 1818లో గద్దెనెక్కిన గెజో, అంతకుముందే ఉన్న ఆడదళాన్ని వేలమంది సైన్యంగా పెంచాడు. తుపాకులు, కత్తులతో కఠినమైన శిక్షణ. ముళ్లకంపలెక్కి దాటడం కూడా అందులో భాగమే! 1892లో ఫ్రెంచివాళ్ల రైఫిళ్లకి ఎదురెళ్లి వందల్లో చచ్చిపోయారు. వీళ్ల ధైర్యం గురించి శత్రువులే మెచ్చుకుంటూ రాసుకున్నారు.

అంతా బాగానే ఉంది. కానీ వీళ్లంతా లెక్కకి రాజుగారి భార్యలు. వేరే పెళ్లి చేసుకోకూడదు, పిల్లల్ని కనకూడదు. కొందరైతే ఒకప్పుడు బందీలుగా పట్టుబడినవాళ్లే. ఇక ఆ యుద్ధాలంటారా, పక్క ఊళ్లమీద పడి మనుషుల్ని పట్టుకొచ్చి బానిసలుగా అమ్మడానికి చేసినవే చాలా ఉన్నాయి. అంటే ఒక ఊరి ఆడవాళ్లకి సంకెళ్లేసి తెచ్చిందీ ఆడవాళ్లే!

2022లో కొటోనూలో 30 మీటర్ల విగ్రహం పెట్టారు. పెట్టనివ్వండి, ఆ తెగువకి దణ్ణం పెట్టాల్సిందే. కాకపోతే కత్తి ఎవరి చేతిలో ఉందని మాత్రమే కాదు, ఎవరి మాటమీద లేచిందని కూడా అడగాలి కదా?